నాలుగు గడియల పొద్దుబంక

అనగనగా, మీ తాతకి తాత కూడా పుట్టకముందు, పొన్నకోట అని ఒక రాజ్యం. దాన్ని శూరభానుడనే రాజు ఏలేవాడు. ఆయనకి ముగ్గురు కొడుకులు. పెద్దవాడు ఉదయుడు, నడిపివాడు విజయుడు, కడగొట్టువాడు అభయుడు. అభయుడికి మూడేళ్లున్నప్పుడు వాళ్లమ్మ జ్వరమొచ్చి పోయింది. అప్పుడే కొత్తకోడలిగా వచ్చిన హేమలేఖ, ఉదయుడి భార్య, కాలి పారాణి ఆరకముందే మరిదిని చంకనేసుకుంది. గోరుముద్దలు తినిపించింది ఆవిడే, అక్షరాలు దిద్దించింది ఆవిడే, అల్లరి చేస్తే చెవి మెలిపెట్టిందీ ఆవిడే. అభయుడికి అమ్మంటే వదినమ్మే.

పొన్నకోటలో పొద్దు ఎలా గడిచేదో ముందు చెప్పాలి, లేకపోతే కథ నడవదు. మన ఊళ్లో పొద్దు దానంతటది గడిచిపోతుంది, ఎవరూ పట్టించుకోరు. అక్కడ అలా కాదు. కోట వెనక సముద్రం ఒడ్డున ఒక నల్లరాయి ఉండేది. తుమ్మచెట్టుకి జిగురు కారినట్టు ఆ రాతికి బంక కారేది. అదే పొద్దుబంక. రోజుకి సరిగ్గా అరవై బొట్లు, గడియకి ఒకటి చొప్పున. దీపాల పోలయ్యా, ఆయన కూతురు పైడిమల్లీ ఆ బొట్లను కారిన వరసలోనే ఏరి, పత్తిదారానికి గుచ్చి, గడియ ఇంట్లో వేలాడదీసేవాళ్లు. ఒక బొట్టు గడియసేపు కాలి, పక్కబొట్టుకి నిప్పందించి ఆరిపోయేది. బొట్టు కాలుతున్నంతసేపూ పైన సూర్యుడు కదిలేవాడు. పొద్దుటి బొట్లు కాలుతుంటే పేడకళ్లాపి వాసన వచ్చేది, మధ్యాహ్నం బొట్లకి పులుసు తిరగమోత వాసన, సాయంత్రం వాటికి మల్లెమొగ్గల వాసన. ప్రతి బొట్టూ తన ముందు బొట్టు దగ్గరే నిప్పు పుచ్చుకునేది. ఇంకోదానితో అంటిద్దామంటే ససేమిరా అంటుకునేది కాదు. అంత పంతం దానికి.

ఇలా ఉండగా పెళ్లయిన పదహారేళ్లకి హేమలేఖ కడుపు పండింది. నెలలు నిండాయి. ఒకనాటి ఉదయం నొప్పులు మొదలయ్యాయి. మంత్రసాని వచ్చింది, పురిటింట్లో వాము పొగ వేశారు, ఉదయుడు గుమ్మం దగ్గర కూర్చున్నాడు. అంతా బాగానే ఉంది కదా! ఆస్థాన జ్యోతిష్కుడు సోమభట్టుగారు పంచాంగం తీశాడు.

"మహాప్రభూ, ఇప్పుడు నడుస్తున్న గడియ అయిపోగానే వర్జ్యం వస్తుంది. నాలుగు గడియలుంటుంది. ఆ వర్జ్యంలో బిడ్డ నేలమీద పడితే తాతగారికి గండం. అది దాటితే మాత్రం దివ్యమైన అమృత ఘడియలు" అన్నాడు.

తాతగారంటే ఎవరు? రాజుగారే. శూరభానుడు ఇరవై యుద్ధాలు చేసినవాడు. అయినా ఆ మాట వినగానే ఆయనకి ముచ్చెమటలు పోశాయి.

సరిగ్గా అప్పుడే, పిలవని పేరంటంలా, సన్నగా పొడుగ్గా ఉన్న మనిషొకడు సభలోకి వచ్చాడు. వాడి గొంతు నేరేడుపండు తిన్నవాడి నాలుకలా నల్లగా ఉంది. వాడి పేరు వర్జ్యకంఠుడు. మాంత్రికుడు.

"మహారాజా, ఆ నాలుగు బొట్లూ నాకిచ్చెయ్యండి. మీకు అక్కర్లేనివేగా?" అన్నాడు.

"బదులుగా ఏం కావాలి?"

"ఏమీ వద్దు. పారేసేవి ఏరుకు బతికేవాణ్ణి."

పైడిమల్లి గడియ ఇంట్లోంచి పరిగెత్తుకొచ్చింది. "వద్దు ఏలికా! చెడ్డ గడియ కాలితేనే దాని వెనక మంచి గడియ అంటుకుంటుంది. మధ్యలోవి తీసేస్తే నిప్పు అవతలికి ఎలా దాటుతుంది?" అంది.

"దీపాలు పెట్టేదానివి దీపాలు పెట్టుకో" అని కసిరాడు రాజు. తన చేత్తోనే దారం తెంపి నాలుగు బొట్లూ మాంత్రికుడి దోసిట్లో పోశాడు. వాడు దణ్ణం పెట్టి మాయమైపోయాడు.

అంతే. కాలుతున్న బొట్టు చివరిదాకా కాలి, అందించడానికి పక్కన ఏమీ లేక, ఆరకుండా, కదలకుండా అలాగే నిలబడిపోయింది. పైన సూర్యుడు తాటిచెట్టంత ఎత్తున ఆగిపోయాడు. పాలల్లో తోడువేస్తే పెరుగు కాలేదు. పొయ్యిమీద అన్నం ఉడుకుతూనే ఉంది. బళ్లో పంతులుగారు చెప్పిందే చెబుతున్నాడు, పిల్లల్ని వదలడు. మీకైతే తెలిసొచ్చేది! ఇవన్నీ ఒక ఎత్తు. పురిటింట్లో హేమలేఖ నొప్పులు ఒక ఎత్తు. అవి పెరగవు, తగ్గవు, బిడ్డ రాదు. మంత్రసాని ఏడుస్తూ బయటికొచ్చి, "ఇలా ఎంతసేపని ఓర్చుకుంటుంది నా తల్లి? కాలం ఆగినా ప్రాణం ఆగుతుందా?" అంది.

అభయుడు తలుపు దగ్గరికి వెళ్లి, "వదినమ్మా!" అని పిలిచాడు.

లోపల్నుంచి మూలుగు వినబడింది. కాసేపటికి, "అభయం... అన్నం తిన్నావా నాన్నా?" అని వినబడింది.

అభయుడు తలుపుకి తలానించి ఏడ్చేశాడు.

ఉదయుడు భార్యను వదిలి కదలలేకపోయాడు. విజయుడు నలభై తెడ్ల ఓడెక్కి మాంత్రికుడి కోసం బయల్దేరాడు. ఎదురుచూసి ఎదురుచూసి అందరి కళ్లూ కాయలు కాశాయి. విజయుడు రాలేదు. అప్పుడు అభయుడు లేచాడు.

పైడిమల్లి ఒక పత్తిదారం తెచ్చి అతని చేతిలో పెట్టింది. "చిన్నదొరా, మన సముద్రం అవతల ఇంకో లోకం ఉందిట. దాని అవతల ఇంకో సముద్రం, ఇంకో లోకం. అన్నీ మనలాంటివే. ఒక గడియ ఇటు జరిగితే ఒక లోకం, అటు జరిగితే ఇంకో లోకం. అలా ఏడు సముద్రాలు దాటితే ఏ లోకానికీ చెందని ఒడ్డున వాడుంటాడని మా తాత చెప్పేవాడు. మన బొట్లు దొరికితే వాసన చూసి, వరస తప్పకుండా దీనికి గుచ్చు. వరస తప్పిందా, అంటుకోవు" అంది.

అభయుడు ఒడ్డుకి వెళ్లేసరికి బండంత తాబేలొకటి వెల్లకిలా పడి కాళ్లు కొట్టుకుంటోంది. అభయుడు భుజంపెట్టి దాన్ని తిరగేశాడు.

"బతికించావు. ఎక్కడికి?" అంది తాబేలు.

"ఏడు సముద్రాల అవతలికి."

"ఎక్కు. నేను దారిలో మూడు లోకాల దగ్గర ఆగి ఊపిరి తీసుకుంటాను. కావాలంటే దిగు. కానీ నేను మూడుసార్లు పిలిచేలోపు రావాలి. రాకపోతే ఆ లోకం నీకు అలవాటైపోతుంది. మీ అన్నకి అలాగే అయింది. ఓడకి నోరుంటుందా, రమ్మని పిలవడానికి?"

రెండు సముద్రాలు దాటి తాబేలు ఒక ఒడ్డున ఆగింది. అక్కడా పొన్నకోటే. అదే కోట, అవే వీధులు. సింహాసనం మీద మాత్రం విజయుడున్నాడు! అభయుణ్ణి చూసి, "ఎవరు నాయనా నువ్వు?" అన్నాడు మర్యాదగా.

"అన్నయ్యా, నేనురా! గుర్తుపట్టలేదా?" అన్నాడు అభయుడు. తాబేలు చెప్పిన అలవాటు ఇదేననుకుని, పక్కవాళ్లవైపు తిరిగి, "ఈ లోకపు విజయుడేమయ్యాడు?" అని అడిగాడు.

పక్కనున్న మంత్రి చెప్పాడు. "మా విజయులవారు మాంత్రికుణ్ణి వెతుకుతూ వెళ్లి తిరిగిరాలేదు. ఇంకో లోకంలో రాజై కూర్చుని ఉంటారు. ఈలోగా వీరు వచ్చారు. ముఖం అదే కదా అని కిరీటం పెట్టాం."

అభయుడికి నవ్వాలో ఏడవాలో తెలియలేదు. తాబేలు రెండోసారి పిలిచింది. అన్నను తిరుగుదారిలో చూద్దామని పరిగెత్తాడు.

ఇంకో రెండు సముద్రాలు దాటి తాబేలు మళ్లీ ఆగింది. అక్కడి పొన్నకోటలో వీధివీధినా మామిడి తోరణాలు. హేమలేఖ వసారాలో కూర్చుని బిడ్డను ఊయల ఊపుతోంది. నిండుగా, నవ్వుతూ ఉంది. అభయుడి గుండె కుదుటపడింది. 'ఎక్కడో ఒకచోట మా వదినమ్మ చల్లగా ఉంది. ఇక్కడే ఉండిపోతే ఆ మూలుగు వినక్కర్లేదు' అనుకున్నాడు. అలా అనుకున్నందుకు వెంటనే సిగ్గుపడ్డాడు. నేను వినకపోతే ఆవిడ మూలగడం మానుతుందా? తాబేలు రెండోసారి పిలవకముందే వెనక్కి వచ్చేశాడు.

ఇంకో రెండు సముద్రాలు దాటాక మూడో మజిలీ. అక్కడి పొన్నకోట వంటింటి గుమ్మంలో ఒకావిడ నిలబడి ఉంది. పటంలో తప్ప చూసిన గుర్తులేని ముఖం. అభయుడి వాళ్లమ్మ! ఆ లోకంలో ఆనాటి జ్వరం ఆవిడకి తగ్గిపోయింది.

ఆవిడ అతన్ని చూసి, "రా నాయనా, ఎండనపడి వచ్చావు" అని పీట వేసి, పెరుగన్నం పెట్టింది. గడ్డపెరుగు. తన ఊళ్లో పెరుగన్నదే లేక ఎన్నాళ్లయిందో! అభయుడు తింటూంటే కళ్లనీళ్లు అన్నంలో పడ్డాయి.

"నువ్వు నా అభయుడివి కావు. నా వాడిది ఎడమచేతి వాటం" అంది ఆవిడ మెల్లగా. "ఏ లోకం వాడివి బాబూ?"

"నువ్వు లేని లోకం వాణ్ణమ్మా."

ఆవిడ అతని నుదుటి మీద జుట్టు సవరించింది. తాబేలు ఒకసారి పిలిచింది.

"మరి నిన్నెవరు పెంచారు?"

"వదినమ్మ. ఇప్పుడు నొప్పులు పడుతోంది. కాలం ఆగిపోయి బిడ్డ రావడం లేదు."

తాబేలు రెండోసారి పిలిచింది. అభయుడు కదల్లేదు. "కాసేపు ఉంటానమ్మా. నిన్ను మళ్లీ ఎప్పుడు చూస్తాను?"

ఆవిడ అతని చేతిలోంచి కంచం లాగేసుకుంది. "నా బదులు నీకు తల్లయిన పిల్ల అక్కడ అల్లాడుతుంటే, ఇక్కడ కూర్చుని పెరుగన్నం తింటావా? లే!" అని రెక్కపట్టి లేపి, వాకిట్లోకి తోసి, తలుపేసుకుంది. తలుపు వెనక ఏడుస్తూనే ఉంది, అది అభయుడికి వినబడింది. తాబేలు మూడోసారి పిలవడానికి నోరు తెరిచేలోపు పరిగెత్తుకెళ్లి దాని వీపుమీద పడ్డాడు.

ఏడో సముద్రం దాటారు. ఏ లోకానికీ చెందని ఒడ్డది. వరసగా ఊరగాయ జాడీలు, కొన్ని వేలు. అన్నిట్లోనూ పొద్దుబంకే. ఏ లోకంలో ఎవరు వద్దనుకున్న గడియలైనా తెచ్చి జాడీకెత్తుకుని, ముద్దకో బొట్టు నంజుకుంటూ మూడొందల ఏళ్లుగా బతుకుతున్నాడు వర్జ్యకంఠుడు.

తాబేలు అభయుడి చెవిలో చెప్పింది. "వాడు బతికున్నంతవరకూ ఆ జాడీల మూతలు ఇంకెవరికీ రావు. అందరి చెడ్డగడియలూ తినేవాడు తన చావుగడియను మాత్రం తినలేక, ఆ జామచెట్టు మీది చిలక నోట్లో దాచాడు. చిలకకి బాణం తగలదు, వల పడదు. అది నోరు తెరిస్తేనే గడియ కిందపడుతుంది. మూడొందల ఏళ్లుగా అది నోరు తెరవలేదు."

మాంత్రికుడు భోంచేసి, భుక్తాయాసంతో జాడీల మధ్య గుర్రుపెడుతున్నాడు. అభయుడు చెట్టుకిందకి వెళ్లాడు. ముందు దోరజామకాయ చూపించాడు. చిలక చూసింది గానీ నోరు తెరవలేదు. తరవాత "అదిగో పిల్లి!" అని కేకేశాడు. చిలక వణికింది గానీ నోరు తెరవలేదు. ఇంకేం చెయ్యాలో తోచక చతికిలబడ్డాడు.

బెంగపడ్డప్పుడు చదువుకోమని వదినమ్మ చిన్నప్పుడు అరవై సంవత్సరాల పేర్లు నేర్పింది. అవి గొణుక్కోవడం మొదలెట్టాడు. "ప్రభవ, విభవ, శుక్ల, ప్రమోదూత, ప్రజోత్పత్తి, ఆంగీరస..." తలెత్తి చూస్తే చిలక ఒక్కో పేరుకీ తల ఊపుతోంది! అభయుడికి చప్పున గుర్తొచ్చింది. పాఠంలో తను ఒక్క పేరు మింగేస్తే చాలు, వదినమ్మ ఇంట్లో ఏ మూలనున్నా, చేతిలో గరిటెతో సహా వచ్చేసేది. పాఠం వచ్చినవాళ్లు తప్పు విని ఊరుకోలేరు.

గట్టిగా అందుకున్నాడు. "ప్రభవ, విభవ, శుక్ల, ప్రమోదూత, ఆంగీరస..." చిలక తల ఊపడం మానేసింది. మళ్లీ మొదటికొచ్చాడు. "ప్రభవ, విభవ, శుక్ల, ప్రమోదూత, ఆంగీరస, శ్రీముఖ..." చిలక ఈకలు నిక్కబొడుచుకున్నాయి, కొమ్మమీద అటూ ఇటూ గెంతింది. మూడోసారి ఇంకా ధీమాగా, తాళం వేస్తూ, "ప్రభవ! విభవ! శుక్ల! ప్రమోదూత! ఆంగీరస!" అన్నాడు.

"ప్రజోత్పత్తి! ప్రజోత్పత్తి ఏదిరా శుంఠా!" అని అరిచింది చిలక.

నోట్లోంచి బొట్టు జారి, రాతిమీద పడి, భగ్గున అంటుకుంది.

వర్జ్యకంఠుడు లేచి కూర్చున్నాడు. చూస్తుండగానే జుట్టు తెల్లబడింది, చెంపలు లోపలికి పోయాయి. వాడు అరవలేదు, శపించలేదు. కాలుతున్న ఆ చిన్నబొట్టువైపు వింతగా చూశాడు.

"ఇంతేనా? దీనికా అబ్బాయ్ నేను మూడొందల ఏళ్లు భయపడింది!" అన్నాడు.

"నొప్పిగా ఉందా తాతా?"

"లేదు. నిద్ర ముంచుకొస్తోంది, అంతే." అలాగే ఒరిగి కళ్లు మూసుకున్నాడు. బొట్టు కాలినంతసేపూ అభయుడు వాడి పక్కనే కూర్చున్నాడు. ఎంత చెడ్డవాడైనా ఒంటరిగా పోకూడదు కదా.

బొట్టు ఆరింది. జాడీల మూతలు ఒక్కసారిగా ఊడాయి. అభయుడు ఒక్కో జాడీ వాసన చూస్తూ వెళ్లాడు. ఒకదాంట్లో పేడకళ్లాపి వాసనతో పాటు వాము పొగ వాసన. మా పురిటిల్లే! నాలుగు బొట్లూ తీసి వరసగా పత్తిదారానికి గుచ్చాడు. మిగతా జాడీలన్నీ సముద్రంలో ఒంపాడు. ఏ లోకపు బొట్టు ఆ లోకానికి కొట్టుకుపోయింది.

మూడొందల ఏళ్ల మాటలు కడుపులో ఉన్నాయేమో, అభయుడి భుజమెక్కి వచ్చిన చిలక దారిపొడుగునా వాగుతూనే ఉంది. తాబేలు చెవులు మూసుకుందామంటే దానికి చెవులు కనబడవాయె. దారిలో విజయుడి దగ్గర ఆగారు. ఒంపిన బొట్లు అప్పటికే ఆ ఒడ్డుకి చేరినట్టున్నాయి, అక్కడి పొద్దు కదిలి, పట్టిన అలవాటు వదిలి, విజయుడికి అంతా గుర్తొచ్చింది. కిరీటం తీసి మంత్రి చేతిలో పెట్టి తనే పరిగెత్తుకొచ్చాడు.

"ఇక్కడ అందరూ ప్రభూ ప్రభూ అంటార్రా. ఒరేయ్ అనే మనిషి ఒక్కడు లేడు" అన్నాడు.

తమ పొన్నకోట చేరేసరికి సూర్యుడు తాటిచెట్టంత ఎత్తునే ఉన్నాడు. పురిటింట్లో మూలుగు సన్నబడిపోయింది. మంత్రసాని "త్వరగా, త్వరగా" అంటోంది. అభయుడు గడియ ఇంటికి పరిగెత్తి దారం పైడిమల్లికిచ్చాడు. ఆమె బొట్లను ఖాళీలో అమర్చి, రెండు కొసలూ పట్టుకుని ఆగింది. శూరభానుడు గుమ్మంలో నిలబడి ఉన్నాడు.

"తెంపింది మీరు, ఏలికా. తెంపిన చెయ్యే కట్టాలి. వేరేవాళ్లు ముడివేస్తే నిలవదు" అంది.

"ఇవి అంటుకుంటే బిడ్డ వర్జ్యంలోనే పుడుతుంది" అన్నాడు రాజు.

"అవును నాన్నగారూ" అన్నాడు అభయుడు.

"నాకు గండం."

"అవును నాన్నగారూ."

రాజు పురిటింటివైపు చూశాడు. "ఇరవై యుద్ధాలకి వెళ్లాను. ఎప్పుడూ నాకు బదులు ఇంకొకరిని ముందుకి తొయ్యలేదు. ఈ ఒక్కసారి ఆ పిల్లను తోశాను" అన్నాడు. లోపలికొచ్చాడు. రెండు కొసలూ పాత దారానికి కలిపి ముడి వేశాడు.

ఆగిన నిప్పు కదిలింది. చిటపటమంటూ మొదటి బొట్టు అంటుకుంది. గడియ ఇల్లంతా వాము పొగ వాసన. ఆ బొట్టు సగమైనా కాలకముందే పురిటింట్లోంచి కెవ్వుమని ఏడుపు.

ఆడపిల్ల! తల్లి క్షేమం, బిడ్డ క్షేమం. అభయుడు గుమ్మం బయటే కూలబడి, వదినమ్మ గొంతు వినబడేదాకా లేవలేదు. "నా మరిది ఎండకి ఎంత నల్లబడిపోయాడో, ముందు వాడికి మజ్జిగివ్వండే" అని కేకేసిందావిడ.

శూరభానుడు పట్టుపంచె కట్టుకుని, మనవరాలిని ఒళ్లో పెట్టుకుని, గండం కోసం కూర్చున్నాడు. ఎదురుగా సోమభట్టు పంచాంగంతో కూర్చున్నాడు. మొదటి గడియ అయింది. రాజు పెద్దకొడుకుని పిలిచి రాజ్యం అప్పగించాడు. రెండో గడియ అయింది. పైడిమల్లిని పిలిచి, కసిరినందుకు క్షమించమని అడిగి, "మా అభయుణ్ణి చేసుకుంటావా తల్లీ?" అన్నాడు. ఆ పిల్ల దీపంవైపు తిరిగి నవ్వుకుంది. మూడో గడియ అయింది. ఇంక అప్పగించడానికేమీ లేక రాజు మనవరాలి ముఖం చూస్తూ కూర్చున్నాడు. నాలుగో గడియ చివర, పట్టుపంచె వెచ్చగా తడిసింది.

"గండం ఇదేనంటావా భట్టూ?" అన్నాడు రాజు.

సోమభట్టు పంచాంగం మూశాడు. అయిదో బొట్టు అంటుకుంది.

అభయుడికీ పైడిమల్లికీ పెళ్లయింది. తాబేలుకి అక్షింతలు వేయడం రాకపోతే దాని వంతు కూడా చిలకే వేసింది. ఉదయుడు చాలాకాలం చల్లగా ఏలాడు. ఆయన తరవాత ఆ వర్జ్యంలో పుట్టిన పిల్ల ఏలింది, అంతకంటే బాగా ఏలింది. శూరభానుడు తొంభై నాలుగేళ్లు బతికాడు. ఒకరోజు కడుపునిండా భోంచేసి, మనవరాలి ఒళ్లో తలపెట్టుకుని, కబుర్లు చెబుతూ చెబుతూ కన్నుమూశాడు. అప్పటికి పళ్లన్నీ ఊడిపోయిన సోమభట్టు కర్ర పట్టుకుని వచ్చి, కళ్లు తుడుచుకుని, "చూశారా, నేను చెప్పలేదూ?" అన్నాడు.

పొన్నకోట కథ అయిపోయింది. విన్నవాళ్లకి వెన్నముద్ద, చెప్పిన నాకు కాసిని మంచినీళ్లు.